పెద్దకొడుక్కి రెండు పాళ్ళా? ఇస్సాకు ఇంట్లో, దావీదు ఇంట్లో, మన ఇళ్ళలో

మీ ప్రశ్న పెద్దది, నాకు అర్థమైనంత వరకు ముందు చెబుతాను. మీది రాజోలు వైపు ఊరు. నాన్నగారికి 78 ఏళ్ళు. ఇల్లు, కొబ్బరితోట, రొయ్యల చెరువుకి లీజుకిచ్చిన పొలం ఉన్నాయి. మీరు పెద్దకొడుకు, హైదరాబాద్‌లో ఉద్యోగం. తమ్ముడు ఊళ్ళో అమ్మానాన్నల దగ్గర ఉంటున్నాడు. చెల్లెలు కువైట్‌లో ఇంటిపని చేసి పంపిన డబ్బుతో పాత ఇల్లు తీసి డాబా కట్టారు. నాన్నగారు తోట మొత్తం తమ్ముడి పేర సెటిల్‌మెంట్ (బతికుండగానే ఆస్తి రాసిచ్చే దస్తావేజు) చేసేసిన సంగతి మీకు బయటివాళ్ళ ద్వారా తెలిసింది. అప్పట్నుంచి మాటల్లేవు, క్రిస్మస్‌కి కూడా ఊరెళ్ళలేదు. అమ్మగారు మీతో ఒక మాట, తమ్ముడితో ఒక మాట. పాస్టర్‌గారు క్షమించండి అంటున్నారు. మీరడిగినవి రెండు. జ్యేష్ఠుడికి రెండు పాళ్ళని వాక్యంలో ఉంది కదా, నాకు రావాలి కదా అనేది మొదటిది. దేవుడు ఏర్పరచుకున్న ఇళ్ళలోనే అన్ని కుట్రలు, అన్ని కొట్లాటలు ఉంటే వాటిని చదివి మనం నేర్చుకునేది ఏముంది అనేది రెండోది.

నేను సబ్‌రిజిస్ట్రార్ ఆఫీసు దగ్గర దస్తావేజు లేఖరిగా పనిచేసి మానేశాను. సంఘంలో పెద్దగా తగువుల్లో కూర్చోవడం మాత్రం ఇంకా మానలేదు. భాగపరిష్కారాలు, సెటిల్‌మెంట్లు, వీలునామాలు రాసిన చేత్తోనే సండే స్కూల్ పాఠాలూ చెప్పాను కాబట్టి రెండూ కలిపి చెబుతాను.

ముందు రెండు పాళ్ళు. ద్వితీయోపదేశకాండం 21వ అధ్యాయంలో ఉంది, నిజమే. మీరు 17వ వచనం ఒక్కటే చూసినట్టున్నారు, 15 నుంచి చదవండి. ఒకాయనకి ఇద్దరు భార్యలు. ఒకామె అంటే ఇష్టం, ఇంకొకామె అంటే పడదు. పడనామె కొడుకు పెద్దవాడైతే, ఇష్టమైనామె కొడుకుని తెచ్చి వాడి స్థానంలో నిలబెట్టడానికి వీల్లేదు, ఉన్నదాంట్లో రెండు పాళ్ళు ఆ పెద్దవాడికే ఇవ్వాలి. అంటే తండ్రి మనసు ఎటు మొగ్గితే ఆస్తి అటు పోకుండా ఆయన చెయ్యి పట్టుకోవడానికి పెట్టిన కట్టుబాటు అది. అప్పటి ఇశ్రాయేలు గోత్రాలకి ఇచ్చినది. దాన్ని కోనసీమలో సర్వే నంబర్ల మీదికి తేవడం కుదరదండి. పైగా పెద్దకొడుకు పెద్దకొడుకుగా నిలిచిన ఇల్లు బైబిల్లో వెతుక్కోవాలి. ఇష్మాయేలు ఉండగా ఇస్సాకు, ఏశావు ఉండగా యాకోబు, రూబేను ఉండగా యోసేపు, మనష్షే ఉండగా ఎఫ్రాయిము, ఏడుగురు అన్నలుండగా దావీదు, అదోనీయా ఉండగా సొలొమోను. పెద్దరికం పేరుతో వాక్యాన్ని సాక్ష్యానికి పిలిస్తే అది మీ తరఫున చెప్పదు.

చట్టం సంగతి కూడా ఇక్కడే తేల్చేస్తాను. క్రైస్తవులకి వర్తించేది 1925 నాటి భారత వారసత్వ చట్టం. అందులో పిల్లలకి పుట్టుకతో వచ్చే వాటా ఏమీ లేదు. తండ్రి బతికున్నంత కాలం ఆయన ఆస్తి ఆయనది, ఎవరికైనా రాయొచ్చు. ఏమీ రాయకుండా పోతే మూడో వంతు భార్యకి, మిగిలిన రెండు వంతులు పిల్లలందరికీ సమానంగా వెళ్తాయి. పెద్ద చిన్న లేదు, ఆడ మగ లేదు. హిందూ చట్టం కిందికి వచ్చే కుటుంబమైతే పిత్రార్జితం లెక్క వేరుగా ఉంటుంది. 2005 సవరణ తర్వాత అక్కడా కూతురికి కొడుకుతో సమాన హక్కు. మన వైపు చాలా ఇళ్ళలో ఆదివారం వెళ్ళే చోటు ఒకటి, సర్టిఫికెట్‌లో రాసి ఉన్నది ఒకటి. లాయర్ దగ్గరికి వెళ్తే అది మొదటే చెప్పండి, ఎందుకంటే ఏ చట్టం అనేది దాని మీదే ఆధారపడుతుంది. తోట తాతగారి నుంచి వచ్చిందా, నాన్నగారు కొన్నదా అనేది కూడా కాగితాలతో సహా చూపించండి.

ఇక మీ రెండో ప్రశ్న. నాకు అసలు చెప్పాలనిపించింది దాని గురించే.

మన డెల్టాలో వాక్యం కొత్తది కాదు. బౌడెన్, బీర్ దొరలు 1836లో ఈ దేశానికి వచ్చారు, తర్వాత నరసాపురం, పాలకొల్లు వైపు పనిచేశారు. అప్పట్నుంచి లెక్కేస్తే కొన్ని కుటుంబాల్లో ఆరేడు తరాలుగా బైబిల్ చదువుతున్నారు. అయినా మనం చెప్పుకునేది సండే స్కూల్ కథే. యోసేపు అంగీ చెబుతాం, పదిహేడేళ్ళ కుర్రాడికి తండ్రి అలాంటి అంగీ కుట్టించడం సబబా అని అడగం. దావీదు గొల్యాతుని కొట్టింది చెబుతాం, ఆయన ఇంటి గొడవ ఉన్న రెండో సమూయేలు 13 దాటేస్తాం. ఆ ఇళ్ళు మంచి ఇళ్ళని దేవుడు వాటిని రాయించలేదు. ఏం జరిగిందో జరిగినట్టు రాయించాడు. నేను వాటిని తగువు కాగితాల్లాగే చదువుతాను. అలా చదివితే గొడవ ఎవరిదన్నది వెనక్కి పోతుంది. తెలిసి కూడా నోరు విప్పనివాళ్ళెవరు, చాటుగా ఒక్కరికే చెప్పినవాళ్ళెవరు అన్నది ముందుకొస్తుంది.

ఇస్సాకు ఇల్లు చూడండి. ఆదికాండం 25లోనే రాసి ఉంది, ఇస్సాకుకి పెద్దకొడుకు ఏశావు ఇష్టం, భార్య రిబ్కాకి చిన్నకొడుకు యాకోబు ఇష్టం. 27కి వచ్చేసరికి ఇస్సాకుకి చూపు మందగించింది. ఏశావుని ఒక్కడినే పిలిచి, వేటకి వెళ్ళి మాంసం తెచ్చి వండిపెట్టు, నిన్ను దీవిస్తాను అన్నాడు. మనం యాకోబు అన్నలా నటించి ఆ దీవెన కొట్టేసిన మోసం గురించే మాట్లాడతాం గానీ మొదటి చాటుపని తండ్రిది. ఇద్దరు కొడుకులుంటే ఒకడినే పిలవడం ఏంటి? తల్లి పక్కనుంచి విని, మొగుడి దగ్గరికి వెళ్ళి ఇదేం పని అని అడగలేదు, రెండో కొడుకుని పిలిచి ఇంకో చాటుపని మొదలుపెట్టింది. శాపం వస్తే నా మీదికి రానీ అంది. ఆ అధ్యాయంలో ఆ ఆలుమగలు ఒకరితో ఒకరు మాట్లాడినట్టు కనిపించేది చివరి వచనంలో ఒక్కసారే. అక్కడా ఆవిడ అసలు సంగతి చెప్పదు. ఏశావు చంపేస్తానంటున్నాడు, అందుకే చిన్నవాడిని పంపించేద్దాం అనకుండా, ఈ హేతు జాతి పిల్లలతో విసిగిపోయాను, యాకోబు కూడా ఇలాంటిదాన్ని చేసుకుంటే ఎలా అంటుంది. కొడుక్కి చెప్పింది కొన్నాళ్ళు మేనమామ దగ్గర ఉండు, కబురు పెడతాను అని. ఆ కొన్నాళ్ళు ఇరవై ఏళ్ళయ్యాయి. వాడు తిరిగొచ్చి తండ్రిని చూసినట్టు ఉంది గానీ తల్లిని చూసినట్టు ఎక్కడా లేదు.

రిజిస్ట్రార్ ఆఫీసు మెట్ల మీద ఈ అధ్యాయం నాకు మళ్ళీ మళ్ళీ కనపడేది. ఆటోలో ఒక్క కొడుకుతో దిగే పెద్దాయన. మిగతావాళ్ళకి తెలుసా అండీ అని అడిగితే, తర్వాత చెబుతాను, మీరు కానివ్వండి అనేవారు. ఆ తర్వాత అనేది రాదు. ఈసీ (ఆస్తి మీద రిజిస్టరైన లావాదేవీలు చూపే కాగితం) తీసినప్పుడో, పాస్‌బుక్‌లో పేరు మారినప్పుడో, కొబ్బరి దింపు డబ్బులు ఎవరి చేతికి వెళ్తున్నాయో చూసినప్పుడో మిగతావాళ్ళకి తెలుస్తుంది. మీకు తెలిసింది కూడా అలాగే. మీ ఉత్తరం రెండుసార్లు చదివాను. తోట పోయిందన్న బాధ కంటే, కొబ్బరికాయల వ్యాపారి నోటి నుంచి వినాల్సి వచ్చిందన్న బాధే అందులో ఎక్కువుంది.

మీ నాన్నగారు అన్యాయం చేశారా లేదా అన్నది నేను చెప్పలేను. అబ్రాహాము కూడా ఉన్నదంతా ఇస్సాకుకే ఇచ్చాడు. కానీ ఆదికాండం 25లో ఇంకో మాట ఉంది. ఉపపత్నుల పిల్లలకి తాను బతికుండగానే బహుమానాలిచ్చి తూర్పు దేశానికి పంపేశాడు. వాటాలు సమానం కావు, అయినా ఎవరికేమిచ్చాడో అందరికీ తెలుసు. ఆయన పోయినప్పుడు ఇస్సాకు, ఇష్మాయేలు ఇద్దరూ కలిసి పాతిపెట్టారు. ఇష్మాయేలునీ అతని తల్లి హాగరునీ ఎడారికి పంపిన ఇల్లే అది, అయినా సమాధి దగ్గర ఇద్దరూ ఉన్నారు. తక్కువ వచ్చినవాడు ఓర్చుకోవడం నేను చాలాసార్లు చూశాను. దాచిన సంగతిని ఓర్చుకున్నవాళ్ళని చూడలేదు.

దావీదు ఇంటి సంగతి ఇంకా లోతు. అమ్నోను తన చెల్లెలు తామారుని చెరిచాడు. వంట చేసి పెట్టమని ఆ పిల్లని అమ్నోను ఇంటికి పంపిందే దావీదు, కొడుకు ఒంట్లో బాగోలేదన్న మాట నమ్మి. సంగతి తెలిసి దావీదుకి చాలా కోపం వచ్చిందని రాసి ఉంది. అంతే. ఆ కోపంతో ఏం చేశాడో లేదు, ఎందుకంటే ఏమీ చెయ్యలేదు. కూతురిని పిలిచి ఒక్క మాట అన్నట్టు లేదు. తామారు సొంత అన్న అబ్షాలోము చెల్లెలితో అన్నది ఊరుకో, అతను నీ అన్నే కదా, మనసులో పెట్టుకోకు అని. ఈ మాట ఇప్పటికీ మన ఇళ్ళలో అక్షరం తేడా లేకుండా అంటారు. తామారు అన్న ఇంట్లో ఒంటరిగా మిగిలిపోయింది. అబ్షాలోము రెండేళ్ళు అమ్నోనుతో మంచిగానీ చెడుగానీ మాట్లాడలేదు, తర్వాత గొర్రెల బొచ్చు కత్తిరించే పండక్కి పిలిచి చంపించాడు. తల్లి తరఫు తాత దగ్గరికి పారిపోయి మూడేళ్ళున్నాడు. తిరిగి యెరూషలేముకి రప్పించారు గానీ ఇంకో రెండేళ్ళు తండ్రి మొహం చూపించలేదు. దావీదు సేనాధిపతి యోవాబుకి అబ్షాలోము కబురు పెడితే రాలేదు, వాడి యవల చేనుకి నిప్పు పెట్టిస్తే అప్పుడు వచ్చాడు. చివరికి దావీదు కొడుకుని పిలిపించి ముద్దుపెట్టుకున్నాడు. జరిగినదాని గురించి మాత్రం ఒక్క ముక్క మాట్లాడుకున్నట్టు లేదు. ఆ వెంటనే ఏముందో చూడండి. అబ్షాలోము పొద్దున్నే లేచి ఊరి గుమ్మం దగ్గర నిలబడి, వ్యాజ్యాలతో వచ్చేవాళ్ళని ఆపి, నీ మాట వినేవాడు రాజు దగ్గర ఎవడూ లేడు అనేవాడు. తన సంగతే చెప్పుకున్నాడని నాకనిపిస్తుంది. ఇంట్లో వినేవాళ్ళు లేనివాడు వీధిలో పంచాయితీ పెడతాడు.

ఇంకో కొడుకు అదోనీయా గురించి మొదటి రాజుల గ్రంథం మొదటి అధ్యాయంలో ఒక వాక్యం ఉంది. ఎందుకిలా చేస్తున్నావని తండ్రి వాడిని ఎప్పుడూ అడగలేదట. దావీదు లాంటి మనిషి, సింహాన్నీ ఎలుగునీ చంపినవాడు, కొడుకుని ఒక ప్రశ్న అడగలేకపోయాడు. ఇంకొకడి భార్య బత్షెబతో తన సంగతి పిల్లలందరికీ తెలుసు, ఏ మొహంతో అడగను అనుకుని ఉండొచ్చు. ఇది నా ఊహే, వాక్యంలో లేదు. కానీ గట్టిగా మాట్లాడాల్సిన చోట తడబడే తండ్రుల వెనక అలాంటిదేదో ఒకటి ఉండటం చూస్తుంటాను. అప్పు, తాగుడు, ఇంకో ఇల్లు, పెళ్ళప్పుడు తిన్న కట్నం, ఏదో ఒకటి. మీ నాన్నగారిని నిలదీసే ముందు, ఆయన మీ తమ్ముడికి ఏం బాకీ పడ్డారో మీకు తెలుసా? మీ చదువుకి పొలం తాకట్టు పెట్టి, అదే సమయానికి వాడి చదువు ఆపేశారని మీరే ఒక వాక్యంలో రాసి వదిలేశారు. తోట కథ అక్కడే మొదలైందేమో.

ఇక్కడ ఒక మాట చెప్పి ముందుకి వెళ్తాను. తామారుకి జరిగినట్టు చెయ్యి వేయడం, కొట్టడం, పసిపిల్లల జోలికి వెళ్ళడం లాంటిది ఏ ఇంట్లో ఉన్నా దాన్ని కుటుంబ గొడవ అనకండి. దానికి పెద్దమనుషులు, ప్రార్థన కూడిక చాలవు. ఆడవాళ్ళకి 181, పిల్లలకి 1098 ఉన్నాయి, పోలీస్ స్టేషన్ ఉంది. నేను కింద రాసే సర్దుబాటు మాటలేవీ వాళ్ళకి వర్తించవు.

మీ చెల్లెలి గురించి మీరు రాసింది రెండు వాక్యాలే. అదే నాకు ఎక్కువ గుచ్చుకుంది. ఆదికాండం 31లో యాకోబు పొలానికి భార్యలని పిలిచి వెళ్ళిపోదాం అంటే రాహేలు, లేయా ఇద్దరూ ఒకే మాట అంటారు. మా పుట్టింట్లో మాకు ఇంకా పాలు ఏముంది, ఆయన మమ్మల్ని అమ్మేసి ఆ డబ్బు కూడా తినేశాడు, మమ్మల్ని పరాయివాళ్ళలా చూశాడు అని. ఒకరంటే ఒకరికి పడని అక్కచెల్లెళ్ళు జీవితంలో కలిసి మాట్లాడిన మాట అదొక్కటే. ఈ భాగం మీద ఎవరూ ప్రసంగం చెప్పగా నేను వినలేదు. మన సఖినేటిపల్లి, మలికిపురం, మామిడికుదురు వైపు నుంచి, అవతల నరసాపురం, మొగల్తూరు నుంచి ఎంతమంది ఆడపిల్లలు గల్ఫ్ వెళ్ళి ఇళ్ళు నిలబెట్టారో మీకు నేను చెప్పక్కర్లేదు. స్థలం నాన్నగారి పేర ఉంటే, కట్టుబడి ఎవరి డబ్బైనా, కాగితం మీద ఇల్లు ఆయనదే. ఆ అమ్మాయి దగ్గర బ్యాంకు స్లిప్పులు తప్ప ఇంకేం ఉంటాయి? భాగపరిష్కారం రోజున ఆడపిల్లని పిలిచి, నీకు పసుపు కుంకుమ అప్పుడే ఇచ్చాం కదా, ఇక్కడ సంతకం పెట్టు అనడం నా బల్ల దగ్గర జరిగిన పనే. క్రైస్తవుల ఇళ్ళలో కూడా ఆ మాటే అంటారు, ఆ రోజు మాత్రం పసుపు కుంకుమలు గుర్తొస్తాయి. సెలోపెహాదు కూతుళ్ళు ఐదుగురు మోషే ముందుకి వచ్చి మా నాన్న వాటా మాకివ్వండి అంటే, వాళ్ళు అడిగింది న్యాయమే అని దేవుడే చెప్పాడు, సంఖ్యాకాండం 27. మీరు మీ వాటా కోసం మాట్లాడటం మొదలుపెడితే ఆ అమ్మాయి వాటా కూడా మీ నోటి నుంచే రావాలి. రాకపోతే మీ న్యాయం వినడానికి నాకైతే మనసొప్పదు.

తమ్ముడి విషయంలో మీరు తప్పిపోయిన కుమారుడి ఉపమానం ఎత్తారు, తన భాగం తగలేసి తిరిగొచ్చిన చిన్నకొడుక్కి తండ్రి విందు చేసిన కథ. వాడు జల్సా చేస్తే తోట ఇచ్చారు, కష్టపడ్డ నాకు మేకపిల్ల కూడా లేదు అన్నట్టుగా. లూకా 15ని దస్తావేజు రాసేవాడి కంటితో ఒకసారి చదవండి. 12వ వచనంలో తండ్రి ఆస్తిని వాళ్ళకి పంచాడని ఉంది, చిన్నవాడికి ఒక్కడికే అని లేదు. అంటే పెద్దవాడి భాగం అప్పుడే తేలిపోయింది, అందుకే నావన్నీ నీవే కదా అంటాడు తండ్రి. ఇంకోటి, పొలం నుంచి వస్తూ పాటలు వినపడితే ఆ పెద్దకొడుకు లోపలికి వెళ్ళి నాన్నా ఏంటిది అని అడగలేదు, పనివాడిని పిలిచి అడిగాడు. కోపంతో బయటే నిలబడ్డాడు. తండ్రే బయటికి వచ్చి బతిమాలుకున్నాడు. మీ ఇంట్లో అయితే వరస తిరగబడింది. ఇల్లు వదిలి దూరం వెళ్ళింది మీరు, పొలంలో ఉన్నది వాడు. రాత్రి నాన్నగారిని బాత్రూమ్‌కి తీసుకెళ్ళేది, అమ్మగారిని బీపీ మందులకి అమలాపురం తిప్పేది, చెరువు లీజుదారుతో ఉప్పునీటి గొడవ పడేది వాడూ వాడి భార్యా. ఆ పనికి లెక్క కట్టి ఇచ్చారేమో తోట, వాడికి అది చాలలేదేమో కూడా. మీ ఉత్తరంలో మరదలు పేరు ఒక్కసారి కూడా రాలేదు.

పాస్టర్‌గారు చెప్పిన క్షమాపణ గురించి. ఆయన చెప్పింది తప్పు కాదు, తొందరపడ్డారంతే. తనని అమ్మేసిన అన్నలు ఏళ్ళ తర్వాత ఐగుప్తులో ఎదురుపడితే, యోసేపు చూసిన రోజే మెడ మీద పడి ఏడవలేదు. మూడు రోజులు కావలిలో పెట్టాడు, షిమ్యోనుని ఆపుకున్నాడు, బెన్యామీను సంచిలో గిన్నె పెట్టించాడు. ఎందుకు? తనని ఇరవై వెండి నాణేలకి అమ్మేద్దాం అన్నవాడు యూదా. ఇప్పుడు రాహేలు రెండో కొడుకు చిక్కుల్లో పడితే వీళ్ళు ఏం చేస్తారో చూడాలనుకున్నాడు. అదే యూదా ముందుకి వచ్చి, ఈ చిన్నవాడికి బదులు నన్ను దాసుడిగా ఉంచుకో, వీడు లేకుండా వెళ్తే నాన్న బతకడు అన్నాడు. అప్పుడు యోసేపు ఆపుకోలేకపోయాడు. తండ్రి ఇంకా పక్షపాతంగానే ఉన్నాడు, యాకోబు మారలేదు, బెన్యామీనుని ఒళ్ళోంచి దింపలేదు. మారింది అన్నదమ్ములు. మరి అంత జరిగాక కూడా, ఐగుప్తులో యాకోబు పదిహేడేళ్ళు బతికి పోతే, అన్నలకి మళ్ళీ భయం పట్టుకుంది. మమ్మల్ని క్షమించమని నీతో చెప్పమన్నాడు నాన్న, చావకముందు అని కబురు పెట్టారు. నేరుగా రాలేదు చూడండి, అప్పుడు కూడా కబురే. అది విని యోసేపు ఏడ్చాడు.

కాబట్టి క్షమించడం అనేది ప్రార్థన చివర ఆమేన్‌తో అయిపోదు. క్షమించినంత మాత్రాన లెక్కలు అడగకూడదనీ లేదు. క్షమించినవాళ్ళంతా ఒకే ఇంట్లో ఉండాలనీ లేదు. ఏశావు నాలుగు వందల మందితో వచ్చి, పరుగెత్తుకుంటూ వచ్చి తమ్ముడిని కౌగిలించుకున్నాడు. పద కలిసి వెళ్దాం అంటే యాకోబు, పిల్లలు చిన్నవాళ్ళు, మీరు పదండి, నేను నెమ్మదిగా శేయీరు వస్తాను అన్నాడు. వెళ్ళలేదు, సుక్కోతు వెళ్ళి ఇల్లు కట్టుకున్నాడు. పాత బుద్ధి అనొచ్చు. కానీ ఆ దూరంలో మళ్ళీ గొడవ రాలేదు. ఇస్సాకు పోయినప్పుడు ఇద్దరూ కలిసి పాతిపెట్టారు. శక్యమైతే, మీ చేతనైనంత మట్టుకు అందరితో సమాధానంగా ఉండండి అని పౌలు రాసింది కూడా ఇలాంటి ఇళ్ళు చూసే అయ్యుంటుంది. అవతలివాళ్ళ చేతిలో ఉన్న సగం మీది కాదు.

ఇప్పుడు చెయ్యాల్సిన పని. ముందు ఈసీ తీయించండి, సెటిల్‌మెంట్ నకలు తీసుకుని చదవండి. దాంట్లో అమ్మానాన్నలని చూసుకోవాలన్న షరతు ఉందా, వాళ్ళు బతికున్నంత కాలం అనుభవించే హక్కు ఉంచుకున్నారా చూడండి. షరతు ఉండి చూసుకోకపోతే 2007 నాటి తల్లిదండ్రుల పోషణ చట్టంలో 23వ సెక్షన్ కింద అడిగే దారి వాళ్ళకి ఉంది, మీకు కాదు. చూసుకుంటున్నాడని మీరే అంటున్నారు కాబట్టి తోట మీద ఆశ వదులుకోవడమే నయం అని నా అభిప్రాయం. కోర్టులో మీ వయసు అరవై దాటుతుంది, నాన్నగారు ఉండరు.

తర్వాత ఊరు వెళ్ళండి. పండక్కి వద్దు. పండగ రోజు బంధువులుంటారు, మాట మాటా పెరిగితే వెనక్కి తీసుకోవడం కష్టం. దాళ్వా కోతలయ్యాక ఏదో మామూలు రోజు వెళ్ళండి. మత్తయి 18లో చెప్పినట్టు మొదటి మాట ఒంటరిగానే, అదీ తమ్ముడితో కాదు, నాన్నగారితో. తోట ఎందుకు ఇచ్చారని అడక్కండి, నాకెందుకు చెప్పలేదు నాన్నా అని అడగండి. రెండిటికీ జవాబులు వేరుగా వస్తాయి. ఆయన కోప్పడితే వినండి, ఏడిస్తే వినండి, అవన్నీ అయ్యాకే మీ మాట. అమ్మగారి ద్వారా ఏ కబురూ పంపకండి, ఆవిడ తెచ్చిన కబురుకి జవాబు ఇవ్వకండి. అమ్మా, ఈ మాట వాడినే నాతో చెప్పమను అని నవ్వుతూ అనండి. ఆవిడ ఇద్దరినీ కాపాడుకుందామనే రెండు మాటలు చెబుతోంది, రిబ్కా కూడా అలాగే అనుకుంది. ఫోన్ స్టేటస్‌లో వాక్యాలు పెట్టి ఒకరినొకరు పొడుచుకోవడం ఆ రోజు నుంచే ఆపండి, తమ్ముడిని చంపిన కయీను గురించి మీరు పెట్టిన వచనం ఊరంతా చూసింది.

మిగిలినవి ఇల్లు, పొలం. వీటిని నాన్నగారు మాట తేటగా ఉండగానే అందరి ముందూ తేల్చాలి. చెల్లెలు వీడియో కాల్‌లో ఉండాలి, మరదలు కూడా కూర్చోవాలి. వాటాలు సెంట్లు లెక్కేసి సమానం అనుకోకండి. చెరువు తవ్విన ఎకరం మళ్ళీ వరికి రావాలంటే ఖర్చుంది, మెరక ఎకరం వేరు, గోదారి గట్టు అవతల లంక ఎకరం వేరు. ఒక తగువులో సమానంగా పంచుకున్న లంక ముక్కల్లో ఒకటి వరదలకి కోసుకుపోయి, ఆ తమ్ముడికి దస్తావేజు మాత్రం మిగిలింది. అబ్రాహాముతో విడిపోయినప్పుడు లోతు కూడా కంటికి పచ్చగా కనపడ్డదే కోరుకున్నాడు. ఇల్లు చెల్లెలి పేర ఎంతవరకు రాయాలో ముందు మాట్లాడండి, అమ్మానాన్నలకి జీవితకాల అనుభవ హక్కు తప్పకుండా పెట్టించండి. వీలునామా రాయిస్తే సాక్షులు ఇద్దరు బయటివాళ్ళు ఉండాలి. క్రైస్తవుల వీలునామాలో ఆస్తి వచ్చేవాళ్ళు గానీ వాళ్ళ భార్యాభర్తలు గానీ సాక్షి సంతకం పెడితే వాళ్ళకి రాసింది చెల్లకుండా పోతుంది. ఇది తెలియక చెడినవి ఉన్నాయి.

మధ్యస్తానికి పాస్టర్‌గారిని పిలవాలా అన్నారు. ప్రార్థనకి పిలవండి, పంపకానికి వద్దు. పిత్రార్జితంలో నాకు పాలు పంచమని మా అన్నతో చెప్పు అని ఒకడు అడిగితే, మీ మీద తీర్పరిగా నన్నెవరు నియమించారని యేసే అన్నాడు, లూకా 12లో. ఒకరి తరఫున మాట్లాడాడని పేరు పడితే ఇంకో కుటుంబం ఆ సంఘానికి రావడం మానేస్తుంది, అది కూడా చూశాను. ఇద్దరికీ సమానమైన మేనమామ గానీ, మీ నాన్నగారి వయసు స్నేహితుడు గానీ ఉంటే చాలు. కుదరకపోతే అమలాపురంలో గానీ రాజోలులో గానీ కోర్టు ఆవరణలో న్యాయసేవాధికార సంస్థ వాళ్ళని కలవండి. కేసు వేయకముందే లోక్ అదాలత్‌కి తీసుకెళ్తారు. అక్కడ రాజీ కుదిరితే అది డిక్రీతో సమానం, దాని మీద అప్పీలు లేదు. కాబట్టి సంతకానికి ముందు చెల్లెలికి చదివి వినిపించండి.

నాన్నగారికి ఎడమ చెవి వినపడదన్నారు కదా, కుడి పక్కన కూర్చోండి. మొదటిసారి వెళ్ళినప్పుడు కాగితాలేవీ చేతిలో ఉండొద్దు, ఈసీ నకలు సంచిలోనే ఉంచండి. కువైట్‌లో శుక్రవారం సెలవైతే ఆ అమ్మాయికి ముందురోజే మెసేజ్ పెట్టండి, మనకంటే అక్కడ రెండున్నర గంటలు వెనక.